ఎండకు వెలిసిన రంగు

“ఈ రంగు గౌను వద్దు. ఆ ఊళ్లో ఎవరైనా చూసి, వీళ్లు ఫలానా వాళ్ల మనుషులని అనుకుంటే?”

ఆ మాట అన్నది నేనే. మా నాలుగేళ్ల పాప చేతులు పైకెత్తి, తల సగం గౌనులో దూర్చి నిలబడి ఉంది. మా ఆవిడ శ్రీదేవి నా వంక ఒకసారి చూసి, ఆ గౌను పైకి లాగేసి తెల్లది తొడిగింది. పోయిన ఏడు ఏప్రిల్లో మా బడి వార్షికోత్సవం. పాపను మొదటిసారి ఆ ఊరికి తీసుకెళ్తున్న రోజు.

నేను ఎమ్మెస్సీ కెమిస్ట్రీ చదివాను. ముప్పాళ్ళ వైపు ఒక ఊళ్లో, జిల్లా పరిషత్ హైస్కూల్లో ఫిజికల్ సైన్స్ చెబుతాను. ఊరి పేరు రాయను. అక్కడ రెండు వర్గాలు, రెండు వర్గాలకు రెండు రంగులు. ఆ రంగుల పేర్లు కూడా రాయను. పల్నాడు వాళ్లకు చెప్పనక్కర్లేదు, బయటివాళ్లకు చెప్పినా ఒరిగేదేమీ లేదు. అప్పటికి ఏడాదిగా నరసరావుపేట నుంచి బండి మీద వెళ్లి వస్తున్నాను. శ్రీదేవి నర్సు. జూన్ నుంచి ఆమెకు అదే ఊరి ఆరోగ్య ఉపకేంద్రంలో పోస్టింగు వచ్చింది. అంటే కాపురం అక్కడికి మార్చాలి, పాపను అక్కడే బడిలో వేయాలి. ఆ ఆర్డరు వచ్చినప్పటి నుంచి నాకు సరిగా నిద్ర లేదు.

ఏలియాను నేను కలిసింది ఆ రోజుల్లోనే.

బడి సెలవులిచ్చే ముందు మా హెడ్మాస్టరు బాబూరావు గారు నాకొక పని అప్పగించారు. గోడల మీద సూక్తులన్నీ వెలిసిపోయాయి, వేసవిలో సున్నం కొట్టించి కొత్తవి రాయించాలి. స్వేచ్ఛ గురించి రెండు, దేశం గురించి రెండు, జూన్లో కొత్త పిల్లలు వస్తారు కాబట్టి కొత్తగా మొదలుపెట్టడం గురించి ఒకటి. ఆయన కూడా ఆ ఊరికి కొత్తే. మంచి చెయ్యి ఎవరిదని నాలుగు బడుల్లో అడిగితే నలుగురూ ఒకే పేరు చెప్పారు. ఏలియా. ప్రస్తుతం ఈపూరులో ఒక బడి గోడ రాస్తున్నాడని కూడా చెప్పారు.

నేను వెళ్లేసరికి పొద్దున తొమ్మిది దాటింది, గోడ అప్పుడే కాలుతోంది. అరవై ఏళ్ల మనిషి, మెడకు తడి తువ్వాలు, చేతిలో కుంచె. గోడ మీద ఉన్నది నాకు వెంటనే చదవడానికి రాలేదు. అక్షరాలన్నీ గుండు గీయించుకున్నట్టు ఉన్నాయి. చూస్తే ఒక్కదానికీ తలకట్టు లేదు. ఆయన ముందు వాక్యం మొత్తానికి అక్షరాల ఒళ్లు రాసుకుంటాడు. తర్వాత చిన్న కుంచె తీసుకుని మొదటికి వచ్చి, గోడ పొడుగునా నడుస్తూ తలకట్లన్నీ ఒకే ఊపులో పెట్టుకుంటూ పోతాడు. నా కళ్ల ముందే ఆ గుండ్లన్నీ చదవగలిగే వాక్యమయ్యాయి. “స్వాతంత్ర్యం తాతలు తెచ్చారు, నిలబెట్టేది నువ్వే.”

“అన్నీ ఒక్కసారే పెడితే ఒక్క వంపులో వస్తాయి సారూ,” అన్నాడు. “మజ్జన ఆగితే చెయ్యి మారద్ది.”

ఆయన దగ్గర పాత రూళ్ల పుస్తకం ఒకటి ఉంది, సూక్తులది. ముప్పై అయిదేళ్లుగా ఏ హెడ్మాస్టరు ఏది చెప్పినా అందులో రాసుకున్నాడు. ఎవరు ఎప్పుడు అన్న మాటలో ఆయనకు తెలియదు, చాలావాటికి ఎవరికీ తెలియదు. కానీ ఏ మాట ఏ గోడకు సరిపోతుందో తెలుసు. పంపు దగ్గర గోడ మీద పొట్టిది రాయాలట, పిల్లల భుజాలు రుద్దుకుని పోతుంది కాబట్టి. ఆఫీసు గది పక్కన పొడుగుది రాయొచ్చట, అక్కడ నిలబెట్టిన పిల్లలకు చదవడానికి తీరిక ఉంటుంది కాబట్టి. స్వేచ్ఛ గురించిన మాటలు గేటు లోపలివైపు రాస్తాడు. ఇంటికి పోయేటప్పుడు కనపడాలని.

నాకు మనిషి నచ్చాడు. మా బడికి రమ్మన్నాను. ఏ ఊరని అడిగాడు. చెప్పాను.

కుంచె కిరసనాయిలు డబ్బాలో పెట్టి, చాలాసేపు కడిగాడు. అప్పటికే అది శుభ్రంగా ఉంది.

“ఆ ఊరు నాదే సారూ,” అన్నాడు. “పేటకి రండి ఓసారి, మా ఇంటిదాని ముందు మాట్లాడదాం.”

రెండు రోజుల తర్వాత నరసరావుపేటలో రైల్వే గేటు అవతల ఆయన అద్దె గదికి వెళ్లాను. రేకుల గది, పంపు వీధి చివర. మంచం మీద ఆయన భార్య హన్నమ్మ పడుకుని ఉంది. చెంపలు లోపలికి పోయి, చేతులు పుల్లల్లా ఉన్నాయి గానీ కళ్లు మాత్రం నన్ను పైనుంచి కిందికి కొలిచాయి. గర్భసంచి క్యాన్సరు. గుంటూరు ఆసుపత్రిలో చేసేదేమీ లేదని పంపేశారని ఆమే చెప్పింది, బస్సు తప్పిపోయిందని చెప్పినంత మామూలుగా.

“ఈయన ఏం రాసి ఊరొదిలాడో చెప్పాడా?” అని అడిగింది. చెప్పలేదన్నాను. “ఈ దేశంలో ప్రతి ఊరూ నా ఊరే అని రాశాడు సామీ. రాసినాక ఉన్న ఊరు పోయింది.” అని నవ్వబోయి దగ్గింది.

మిగతాది ఏలియా చెప్పాడు. కరోనా రెండో ఏడు, మే నెల. అప్పటి హెడ్మాస్టరు ఆ మాట ఇచ్చి, దాని చుట్టూ జాతీయ జెండా మూడు రంగుల పట్టీ వేయమన్నాడు. మధ్యాహ్నం పన్నెండుకే కొట్లు మూస్తున్న రోజులు. మూడు రంగుల్లో ఒకటి డబ్బా అడుగున కాస్తే ఉంది. మర్నాటికల్లా పని అయిపోవాలి. అప్పుడు హన్నమ్మ, కొత్త సంవత్సరం ముగ్గు కోసం కొని మిగిలిన రంగు పొడి పొట్లం తెచ్చి ఇచ్చింది. ఇంకో డబ్బాలో ఉన్న వేరే రంగులో ఆ పొడి కలిపితే సరిగ్గా ఆ తక్కువపడ్డ జెండా రంగే వచ్చింది. ఏలియా సంతోషంగా పట్టీ మొత్తం లాగేశాడు.

ముగ్గు పొడి అంటే సుద్దకు అద్దిన చౌక రంగు. కింద సున్నం, పైన పల్నాడు ఎండ. రెండు నెలల్లో పొడి రంగు చచ్చిపోయి, ఆ రెండో డబ్బాలోని రంగు ఒక్కటే మిగిలింది. అది ఊళ్లో ఒక వర్గం రంగు. ఆగస్టులో బడి తెరిచేసరికి దేశం మాట చుట్టూ ఆ రంగు పట్టీ మెరుస్తోంది. పంచాయతీ ఎన్నికల వేడి ఇంకా చల్లారలేదు. ఏలియా డబ్బులు తిని బడి గోడను వాళ్లకు రాసిచ్చాడన్నారు అవతలి వర్గం వాళ్లు. ఒక సాయంత్రం పదిమంది వచ్చి ఆయన ఇంటి తలుపు పగలగొట్టారు. మనిషి మీద చెయ్యి వేయలేదు. ఊళ్లో కనపడొద్దన్నారు. తెల్లారి భార్యాభర్తలు రెండు గోతాలతో ఆటో ఎక్కారు. కేసు లేదు, కాగితం లేదు. ఆ తర్వాత నాలుగేళ్లు ఆయన గురజాల నుంచి వినుకొండ దాకా బడి గోడల మీద స్వేచ్ఛ గురించి రాస్తూనే ఉన్నాడు, సొంత ఊరికి మాత్రం పోలేదు.

“ఆ పొడి ఇచ్చింది నేనే,” అంది హన్నమ్మ. “ఈయన ఒక్కనాడు కూడా అనలా ఆ మాట. అంటే బాగుండేది.”

ఏలియా బయటికి చూస్తూ కూర్చున్నాడు.

ఆమె ఏం కోరుకుంటోందో నాకు ఆ రోజే తెలిసింది. వాళ్లకు ఒక్కతే కూతురు, జాస్మిన్. ఏడేళ్లప్పుడు జ్వరమొచ్చి పోయింది. ఆ ఊరి సమాధుల దొడ్డిలో ఉంది. తననూ అక్కడే పెడతారన్న దాంట్లో హన్నమ్మకు అనుమానం లేదు.

“శవానికి ఎవురూ అడ్డం రారు సారూ. అది నాకు తెలుసు. నేను బతికుండగా పోవాలి. నా కాళ్లతో నా గడప తొక్కాలి. పది రోజులైనా చాలు.”

ఇంటికొచ్చి శ్రీదేవికి చెప్పాను. ఆమె మర్నాడు వెళ్లి హన్నమ్మను చూసి వచ్చింది. నెల, మహా అయితే నెలన్నర అంది. అప్పటికి మే మొదటి వారం.

నాకు ఒక ఆలోచన వచ్చింది. ఇది కెమిస్ట్రీకి సంబంధించిన అపార్థం. రంగు మారింది, మనిషి మారలేదు. అది కళ్లకు కట్టేట్టు చూపిస్తే ఎవరైనా ఒప్పుకోక తప్పదు. మాచర్ల నాపరాయి ముక్క ఒకటి తెచ్చి, సున్నం కొట్టాను. ఏలియా దగ్గర అదే రకం డబ్బా, బజార్లో అదే రకం ముగ్గు పొడి తీసుకుని, ఆయన చెప్పిన పాళ్లలో కలిపి రాయి మీద పట్టీ వేశాను. సగం మీద అట్ట కట్టి, సగం వదిలి, మేడ మీద ఎండలో పెట్టాను. రోజూ మధ్యాహ్నం ఫొటో తీసి తేదీ వేసుకున్నాను.

“ఎందుకిదంతా?” అంది శ్రీదేవి. “ఆ శివాజీ ఇంటికి వెళ్లి, ఆమె చివరి రోజుల్లో ఉంది, రానిస్తారా అని అడగరాదూ?”

శివాజీ అంటే ఆ రోజు తలుపు దగ్గరికి వచ్చిన పదిమందికి ముందున్నవాడు. నలభై అయిదేళ్లుంటాయి, మిరప రైతు, మా బడి కమిటీలో ఉన్నాడు. ఆయన కొడుకు నా తొమ్మిదో తరగతిలో ఉన్నాడు. ఉత్త చేతులతో వెళ్లి ఆ విషయం ఎత్తితే నన్ను కూడా అవతలి మనిషి కింద జమకడతాడని, వచ్చే నెలలో నా పాప ఆ వీధిలోనే తిరగాలని నా భయం. రుజువుతో వెళ్తే అది సైన్సు మాస్టారు చెప్పిన సంగతి అవుతుంది. రుజువు లేకుండా వెళ్తే నేను ఒక పక్షం తీసుకున్నట్టు అవుతుంది. శ్రీదేవికి ఇలాగే చెప్పాను. ఆమె వాదించలేదు. పొద్దుటిపూట డ్యూటీకి పోతూ హన్నమ్మ నొప్పి మాత్రలు చూసి వెళ్లేది, అంతే.

ఆ రోజుల్లో ఒకటి రెండుసార్లు నేనూ ఆ గదికి వెళ్లాను. హన్నమ్మ ప్రతిసారీ రాయి సంగతి అడిగేది, పిల్లవాడి పరీక్ష ఫలితం అడిగినట్టు.

“ఇంకా వెలవలా?”

“కొంచెం వెలిసిందమ్మా. ఇంకో వారం ఉంటే తేడా బాగా తెలుస్తుంది.”

“మా గోడ మీద తొందరగానే వెలిసిందే,” అని ఏలియా వైపు తిరిగి, “ఏందయ్యా, ఈసారి రంగు గట్టిగా కలిపావా ఏంది?” అని ఆటపట్టించింది. ఆయన అన్నం కలుపుతూ తల ఎత్తలేదు. ఆమె మంచం కింద చెప్పుల జత ఉంది. కొత్తవి. ఊరికి పోయేటప్పుడు వేసుకోవడానికి తెప్పించుకుందట. నేను చివరిసారి వెళ్లినప్పుడు అవి ఆమె పాదాలకు వదులైపోయాయి. వాపు దిగిపోయి కాళ్లు ఎముకలైపోయాయి. అయినా వేసుకుని మంచం పట్టుకుని నిలబడి చూపించింది. నాలుగు అడుగులు వేయగలిగింది.

అప్పుడు కూడా నేను లేచి వెళ్లి అడగలేదు. ఇంకో వారం ఆగితే తేడా ఇంకా బాగా తెలుస్తుందని అనుకున్నాను.

ఇరవై రోజులకు అట్ట విప్పాను. ఇటు జెండా రంగు, అటు ఆ వర్గం రంగు, మధ్యలో గీత గీసినట్టు తేడా. నా చదువు మొత్తం మీద ఇంత శుభ్రంగా వచ్చిన ప్రయోగం మరొకటి లేదు. రాయిని గోనెలో చుట్టి, బండి ముందు పెట్టుకుని, ఆ పొద్దున్నే శివాజీ ఇంటికి వెళ్లాను.

ఆయన పంచలో కూర్చుని మిరప నారు సంగతి ఫోన్లో మాట్లాడుతున్నాడు. నన్ను చూసి కుర్చీ వేయించాడు. నేను రాయి విప్పి, ఫొటోలు తీసి, సున్నంలో క్షారం, ఎండలో కిరణాలు, చౌక రంగు విరిగిపోవడం, అన్నీ పాఠం చెప్పినట్టు చెప్పాను. ఆయన రాయిని ఒకసారి తడిమి చూసి పక్కన పెట్టాడు.

“మాకు తెలుసు సారూ.”

“ఏం తెలుసు?” అన్నాను.

“ఆ ఏడు దసరాకే తెలుసు. మా ఆడోళ్ల ముగ్గులు ఎన్నిసార్లు చూడలా? ఎండకు వెలిసిందని మా ఇంటిదే చెప్పింది నాకు.”

“మరి?”

లోపలి నుంచి ఎవరో మంచినీళ్ల చెంబు తెచ్చి నా ముందు పెట్టారు.

“తలుపు పగలగొట్టినాక ఇంకేం చెప్తాం సారూ,” అన్నాడు శివాజీ. “పోయి ఏలియా మావని రమ్మనాలంటే మొకం చెల్లలా. ఆయనే వస్తాడ్లే, వస్తే ఎవురు మాత్రం ఏమంటారు అనుకున్నా. ఆయన రాలా. ఒక ఏడు పోయింది. తర్వాత తర్వాత ఇంకా కష్టమైంది.” “ఆమెకి బాగలేదంటన్నారు, నిజమేనా?” అని అడిగాడు. చెప్పాను. లేచి నిలబడ్డాడు. “తీసుకురండి. ఇయ్యాలే తీసుకురండి. మా బండి పంపిస్తా. తలుపు కూడా నేనే చేయిస్తా.”

నేను నీళ్లు తాగానో లేదో గుర్తు లేదు. రాయి అక్కడే వదిలేసి, పేట దాకా ఎక్కడా ఆగకుండా వచ్చాను.

హన్నమ్మకు ఆ తెల్లవారుజాము నుంచే స్పృహ లేదు. శ్రీదేవి మంచం పక్కన కూర్చుని తడి గుడ్డతో పెదాలు తుడుస్తోంది. నన్ను చూసి తల అడ్డంగా ఊపింది. నేను ఏలియాకు సంగతి చెప్పాను. శివాజీ అన్న మాటలన్నీ చెప్పాను, మాకు తెలుసు అన్నదాంతో సహా. అది దాచాల్సిందేమో. ఆయన ముఖంలో కోపం రాలేదు. వంగి ఆమె చెవి దగ్గర నోరు పెట్టాడు.

“ఏమే, పోదాం లే. పిలిచారంట. ఇయ్యాలే రమ్మన్నారంట.”

ఆమె కళ్లు తెరవలేదు. ఆయన మళ్లీ చెప్పాడు. మూడోసారి కూడా చెప్పాడు. శివాజీ పంపిన బండి పదకొండు గంటలకు వీధి చివర వచ్చి ఆగింది. అందులో పరుపు వేసి ఉంది. పన్నెండు దాటాక హన్నమ్మ పోయింది. ఆ బండిలోనే తీసుకెళ్లాం. కొత్త చెప్పులు ఏలియా చేతిలో పట్టుకుని కూర్చున్నాడు.

ఆమె చెప్పినట్టే ఎవరూ అడ్డం రాలేదు. అడ్డం రాకపోవడమేమిటి, ఊరంతా వచ్చింది. రెండు వర్గాలూ వచ్చాయి. తలుపు లేని ఆ గుమ్మం ముందు నీడకు టెంటు వేసింది ఒకరు, ఐసు పెట్టె తెచ్చింది ఒకరు. నలభై ఆరు డిగ్రీల ఎండలో జాస్మిన్ పక్కన గొయ్యి తీసిన నలుగురిలో శివాజీ ఒకడు. పాస్టరు ప్రార్థన చేస్తున్నప్పుడు శివాజీ గట్టు మీద కూర్చుని ఏడ్చాడు. నాకు ఆ ఏడుపు చూస్తే జాలి వేయలేదు. నా మీద నాకు కూడా వేయలేదు. ఇరవై రోజుల ఫొటోలు నా ఫోన్లో తేదీలతో సహా ఉన్నాయి. అందులో ఏ రోజు అడిగినా ఆమె ఆ గడప తొక్కేది.

ఆమె గడప దాటి లోపలికి వెళ్లింది నలుగురి భుజాల మీద.

మూడో రోజు ప్రార్థన కూడిక అయ్యాక ఏలియా పేటకు వెళ్లిపోయాడు. తలుపు చేయిస్తాం, ఉండిపొమ్మని అందరూ అడిగారు. ఎవరికీ ఎదురు చెప్పలేదు. చూద్దాంలే అన్నాడు. ఇక గోడ రాయడానికి రాడనుకున్నాను. బాబూరావు గారు కూడా వేరే మనిషిని చూడమన్నారు. కానీ జూన్ మొదటి వారంలో, బడి తెరవడానికి అయిదు రోజుల ముందు, ఏలియా బస్సు దిగి బడికి వచ్చాడు. మూడు రంగులూ కొత్త డబ్బాలు తెచ్చుకున్నాడు. నీలిమందులో ముంచిన దారం ఒక చివర నన్ను పట్టుకోమని, గోడ మీద గీత కొట్టుకున్నాడు.

హెడ్మాస్టరు ఇచ్చిన మాటలే రాశాడు. గేటు లోపలివైపు స్వేచ్ఛ మాట, ఆఫీసు పక్కన దేశం మాట. “కొత్త తరగతి, కొత్త పుస్తకం, కొత్త నువ్వు” అన్నది పంపు దగ్గర. మధ్యాహ్నం శివాజీ ఇంటి నుంచి మజ్జిగ వచ్చింది. తాగి, గ్లాసు కడిగి ఇచ్చాడు.

నేను అప్పటిదాకా దాచుకున్న మాట ఆ సాయంత్రం చెప్పాను. శ్రీదేవి మొదటి రోజే వెళ్లి అడగమందని, నేను భయపడి రాయి వెనక దాక్కున్నానని, ఆ ఇరవై రోజులు నేను హన్నమ్మ దగ్గర తీసుకున్నానని. ఆయన అక్షరాల మీద తలకట్లు పెడుతున్నాడు. వరస చివర దాకా వెళ్లాకే ఆగాడు. ఫర్వాలేదని అనలేదు.

“ఇరవై రోజులు మీవి సారూ,” అన్నాడు. “నాలుగేళ్లు నావి.”

నిచ్చెన మెట్టు మీద కూర్చున్నాడు. కుంచె గుడ్డతో తుడుస్తూ, నన్ను చూడకుండా, మెల్లగా చెప్పుకుపోయాడు. మొదటి ఏడు క్రిస్మస్‌కు ఇద్దరూ బయల్దేరి, సత్తెనపల్లి బస్టాండు దాకా వచ్చి వెనక్కి వెళ్లారట. ఎవరూ ఏమీ అనలేదు. ఊరి బస్సు ఎక్కబోతూ ఆయనే ఆగిపోయాడు. ఊళ్లోకి పోతే ఎవరెవరు ఏమంటారో బస్టాండులో కూర్చుని అన్నీ తనే అనుకున్నాడట, వాళ్ల గొంతుల్తో సహా. హన్నమ్మ పోదాం పదమని చెయ్యి పట్టి లాగిందట. ఆ తర్వాత ఎప్పుడూ బయల్దేరలేదు.

“శివాజీ మొకం చెల్లక రాలా. నేను భయపడి రాలా. మజ్జన ఆమె పోయింది.”

నా కూతురు అదే సమయంలో శ్రీదేవి చెయ్యి వదిలించుకుని బడి ఆవరణలో పరుగెడుతోంది. మేం ఇల్లు చూడటానికి వచ్చిన రోజది. నేను పాపనే చూస్తున్నానని ఆయన గమనించాడు. ఈ ఊళ్లో కాపురం పెట్టడానికి భయపడుతున్నానని శ్రీదేవి ఆయనకు ఎప్పుడో చెప్పిందట.

“ఒక మాట చెప్తా ఇనండి,” అన్నాడు. “ఫలానోడు మన గురించి ఏమనుకుంటన్నాడో అని భయమేస్తది చూడండి, ఇంట్లో కూర్చుని ఇచారించుకోబాకండి. ఆ పొద్దే, ఆళ్లింటికే పొయ్యి, మంచినీళ్లు అడగండి. పిల్లని కూడా తీసుకుపోండి. ఇచ్చారా, తాగి రండి. ఇయ్యలేదా, ఇయ్యలేదని తెలుస్తది గదా. నేను అదీ తెలుసుకోకుండా నాలుగేళ్లు బతికా సారూ.”

మేం ఆ ఊళ్లో కాపురం పెట్టి ఏడాది కావస్తోంది. నా భయం పోలేదు. ఎవరైనా పలకరించకుండా పోతే, వీధిలో మాట్లాడుకుంటున్న నలుగురు నన్ను చూసి ఆగిపోతే, ఇప్పటికీ నా మనసులో వాళ్ల సంభాషణ అంతా నేనే నడుపుకుంటాను. అలా అయిన రోజు సాయంత్రం బడి నుంచి వచ్చాక పాప చెయ్యి పట్టుకుని ఆ ఇంటికి వెళ్లి, గుమ్మం ముందు నిలబడి, మంచినీళ్లు ఇస్తారా అని అడుగుతున్నాను. ఇప్పటికి ఏడు ఇళ్లకు వెళ్లాం. ఆరు ఇళ్లలో ఇచ్చారు. రెండు చోట్ల పాపకు బెల్లం ముక్క కూడా పెట్టారు. ఒక ఇంట్లో ఇవ్వలేదు. ఆ సంగతి తెలిసింది.